పోయిన మనిషి ఇంటికి రావాల్సిన డబ్బు

బస్సు బోల్తా పడి ఒకేసారి ఇరవై మంది పోతే సాయంత్రంలోపు ప్రకటన వచ్చేస్తుంది. మృతుల కుటుంబాలకు ఇంత, గాయపడ్డవాళ్లకు ఇంత అని టీవీలో స్క్రోలింగ్ నడుస్తుంది. మంత్రులు ఆసుపత్రికి వస్తారు, కలెక్టరు పక్కనే ఉంటారు. ఆ కుటుంబాలకు ఆ డబ్బు అందడం మంచిదే, నేను తప్పుపట్టను. కానీ మన దేశంలో రోడ్డు మీద పోయేవాళ్లలో ఎక్కువమంది అలా గుంపుగా పోవడం లేదు. పని ముగించుకుని బండి మీద ఇంటికొస్తూ ఒకరు, రోడ్డు దాటుతూ ఇంకొకరు, ఇలా ఒక్కొక్కరే పోతున్నారు. కేంద్ర రోడ్డు రవాణా శాఖ లెక్కల్లో 2022లో పోయినవాళ్లు 1,68,491 మంది. రోజుకు 460 మందికి పైనే. అందులో 74,897 మంది బైకులు, స్కూటర్ల మీద వెళ్తున్నవాళ్లు, 32,825 మంది నడిచి వెళ్తున్నవాళ్లు. వీళ్లలో చాలామంది గురించి జిల్లా పేపర్లో నాలుగు లైన్లు వస్తే ఎక్కువ.

వీళ్లకు ఎక్స్‌గ్రేషియా ఉండదు గానీ చట్టం ఉంది. మోటారు వాహనాల చట్టం, 1988 ప్రకారం, తప్పు అవతలి వాహనానిదైతే దాని డ్రైవరు, యజమాని, దానికి థర్డ్ పార్టీ బీమా (బండి వల్ల బయటివాళ్లకు జరిగే నష్టానికి చేసే బీమా) ఇచ్చిన కంపెనీ కలిసి ఆ కుటుంబానికి పరిహారం కట్టాలి. రోడ్డెక్కే వాహనానికి థర్డ్ పార్టీ బీమా తప్పనిసరి అని కూడా అదే చట్టం చెప్పింది. బండి ఉన్న మనమందరం ఆ ప్రీమియం కడుతున్నాం. అంటే ఇది ఎవరో జాలిపడి జేబులోంచి తీసి ఇచ్చే డబ్బు కాదు. ఇలాంటి రోజు కోసమని మనందరి దగ్గరా ముందే వసూలు చేసి పెట్టిన డబ్బు. మనిషి పోయిన గంట నుంచి ఆ ఇంటికి బాకీ పడ్డ డబ్బు.

బాకీ ఉన్నవాళ్లు ఇంటికొచ్చి ఇవ్వాలి. మన దగ్గర మాత్రం శవాన్ని సాగనంపినవాళ్లే కాగితాలు పట్టుకుని తిరగాలి, అడగాలి, రుజువు చేయాలి, ఏళ్ల తరబడి ఎదురుచూడాలి. ఈ తిరుగుడు ఆ కుటుంబం నెత్తిన ఉండకూడదని నా వాదన. పోలీసులు కేసు కట్టిన రోజే పరిహారం పని కూడా దానంతటదే మొదలవ్వాలి.

ఇంత గట్టిగా ఎందుకు అంటున్నానంటే, మా ఇంట్లో ఇది జరిగింది. మా బాబాయి కూతురి భర్త తాపీ మేస్త్రి. ముప్పై మూడేళ్లు. పని నుంచి బైకు మీద వస్తుంటే వెనక నుంచి లారీ గుద్దింది. పోస్ట్‌మార్టం అయ్యేలోపే మార్చురీ బయట చెట్టు కింద ఒకాయన మా బాబాయిని పక్కకు తీసుకెళ్లాడు. ఖర్చులన్నీ మేమే పెట్టుకుంటాం, మీరు పైసా తియ్యక్కర్లేదు, వచ్చినదాంట్లో ముప్పై శాతం ఇవ్వండి చాలు అన్నాడు. తెల్లకాగితాల మీద, వకాలత్తు మీద సంతకాలు కావాలన్నాడు. కేసు గెలిస్తే ఇంత శాతం అని లాయరు ఫీజు మాట్లాడుకోకూడదని బార్ కౌన్సిల్ నియమాల్లోనే ఉంది. అక్కడ నిలబడ్డ మాకు ఆ సంగతి తెలియదు. తెలిసినా ఆ పూట ఎవరికి ఓపిక?

మర్నాడు స్టేషన్‌కి లారీ ఓనరు తరఫున పెద్దమనుషులు వచ్చారు. రెండు లక్షలిస్తాం, రాజీ అయిపోండి, కోర్టులంటే మీ వల్ల కాదు, ఆడపిల్ల తిరగలేదు, పదేళ్లయినా తేలదు అన్నారు. మావాళ్లు సగం మెత్తబడ్డారు. కర్మకాండలకే అప్పు చేయాల్సిన స్థితిలో ఎదురుగా రెండు లక్షలు కనిపిస్తుంటే కాదనడం మాటలు కాదు. బయటికొచ్చాక అక్కడి కానిస్టేబుల్ ఒకాయన మెల్లిగా, "ఎక్కడా సంతకం పెట్టొద్దు బాబాయ్, లారీకి ఇన్సూరెన్సు ఉంది, ఓపీ వేసుకోండి" అన్నాడు. ఓపీ అంటే కోర్టులో వేసే పరిహారం అర్జీ. ఆ ఒక్క మాటే మావాళ్లను కాపాడింది. అదే నాకు ఇప్పటికీ భయం వేసే విషయం. ఆ రోజు డ్యూటీలో ఇంకొకరుంటే?

ఆ రెండు లక్షల విలువేంటో లెక్క వేసి చూపిస్తాను. లెక్క కష్టమైనదేమీ కాదు, ప్రతి ఇంట్లో ఒక్కరికైనా తెలిసుండాలి.

సుప్రీంకోర్టు 2009లో సరళా వర్మ కేసులోను, 2017లో ప్రణయ్ సేఠీ కేసులో ఐదుగురు జడ్జిల ధర్మాసనంతోను దీనికి పద్ధతి ఖాయం చేసింది. మా చెల్లి భర్తకు పని దొరికిన రోజు ఎనిమిది వందలు. నెలకు ఇరవై వేలు అనుకుందాం. ఏడాదికి 2,40,000. మనిషి బతికుంటే ఆదాయం అక్కడే ఆగదు కదా, అందుకని నలభై ఏళ్ల లోపు వయసుండి సొంతంగా పనిచేసుకునేవాళ్లకు 40 శాతం కలుపుతారు. పర్మినెంటు ఉద్యోగమైతే 50 శాతం. కలిపితే 3,36,000. అందులో ఆయన సొంత ఖర్చు కింద కొంత తీసేస్తారు. ఆధారపడ్డవాళ్లు నలుగురు నుంచి ఆరుగురు ఉంటే నాలుగో వంతు. మా చెల్లి, ఇద్దరు పిల్లలు, ఆయన తల్లి, నలుగురు. మిగిలింది 2,52,000. దీన్ని వయసును బట్టి ఒక సంఖ్యతో గుణిస్తారు. 31 నుంచి 35 ఏళ్ల వాళ్లకు అది 16. మొత్తం 40,32,000 రూపాయలు. దీనికి అంత్యక్రియల ఖర్చు కింద 15,000, ఎస్టేటు నష్టం (ఆ మనిషి వెనకేసే ఆస్తికి కలిగిన నష్టం) కింద 15,000, భార్యాపిల్లలు తల్లిదండ్రులు ఆ మనిషి తోడు కోల్పోయినందుకు 40,000 చొప్పున కలుస్తాయి. అవి 2017 నాటి అంకెలు, మూడేళ్లకోసారి 10 శాతం పెంచాలని అదే తీర్పు చెప్పింది. పైగా అర్జీ వేసిన రోజు నుంచి వడ్డీ.

నలభై లక్షలు ఎక్కడ, రెండు లక్షలు ఎక్కడ. స్టేషన్ మెట్ల మీద రాజీ అయిపోయే ప్రతి కుటుంబం పోగొట్టుకునేది ఈ తేడాని. క్రిమినల్ కేసు వేరు, పరిహారం అర్జీ వేరు అని కూడా వాళ్లకు ఎవరూ చెప్పరు. డ్రైవరు మీద కేసు కొట్టేసినా పరిహారం ఆగిపోదు. పరిహారం అర్జీలు వినే ట్రిబ్యునల్‌లో అనుమానానికి తావులేకుండా రుజువు చేయక్కర్లేదు, జరిగి ఉండే అవకాశం ఎటు మొగ్గితే అటు చూస్తారు.

అయితే మా చెల్లికి నలభై లక్షలు రాలేదు.

ట్రిబ్యునల్ అంటే జిల్లా కోర్టులోనే ఒక హాలు. ఆమె బోనెక్కిన రోజు నేను వెనక బెంచీలో ఉన్నాను. బీమా కంపెనీ లాయరు గొంతు పెంచలేదు, మర్యాదగానే అడిగాడు. మీ భర్త నెలకు ఇరవై వేలు సంపాదించేవాడని కాగితం ఏముందమ్మా? ఆమె సంచిలోంచి ఒక చిన్న పాకెట్ నోట్‌బుక్ తీసింది. అట్ట ఊడిపోయి రబ్బరు బ్యాండు చుట్టి ఉంది. లోపల ఆయన చేతిరాతతో తేదీలు, రోజు కూలీ, ఎవరి దగ్గర ఎంత అడ్వాన్సు, ఎన్ని బస్తాల సిమెంటు. కొన్ని పేజీలకు సున్నపు మరకలు. లాయరు దాన్ని తిప్పి చూసి, ఇది ఎవరైనా రాసుకోవచ్చు కదమ్మా అన్నాడు. దాని మీద ఎవరి సంతకమూ లేదు. కూలి మనిషి లెక్కల పుస్తకం మీద ఎవరు సంతకం పెడతారు? తీర్పులో ఆదాయం నెలకు పదివేలుగా తీసుకున్నారు. అక్కడితో మొత్తం సగానికి పడిపోయింది.

జడ్జిగారిని నేను తప్పు పట్టడం లేదు, ఆయన ముందున్న కాగితాలు అవే. కానీ ఈ పద్ధతి ఎవరిని దెబ్బతీస్తుందో చూడండి. పేస్లిప్ ఉన్నవాడి ఇంటికి పూర్తి లెక్క వస్తుంది. మేస్త్రి, ఆటోడ్రైవరు, తోపుడుబండి మీద కూరగాయలమ్మే మనిషి పోతే ఆ ఇంటికి అంచనా లెక్క వస్తుంది. మన దేశంలో పనిచేసేవాళ్లలో ఎక్కువమంది రెండో రకమే. జీతం సర్టిఫికెట్ లేనంత మాత్రాన కనీస వేతనాన్నే గీటురాయిగా పట్టుకోనక్కర్లేదని, పరిస్థితులను బట్టి కొంత ఊహించి కూడా ఆదాయం నిర్ణయించవచ్చని సుప్రీంకోర్టు 2021లో ఒక డ్రైవరు కుటుంబం కేసులో చెప్పింది. కింది కోర్టుల్లో మాత్రం ఇప్పటికీ కాగితం ఏది అన్న ప్రశ్న దగ్గరే ఆగిపోతున్నారు. మేస్త్రి ఎంత సంపాదిస్తాడో ఆ ఊళ్లో ఇల్లు కట్టించిన ఎవరినడిగినా చెబుతారు. ఆ మాట కనుక్కుని రాసే పని దర్యాప్తు చేసే పోలీసులదీ, బీమా కంపెనీదీ కావాలి. ఆదాయం తక్కువని వాదించేవాళ్లే తక్కువని చూపించాలి.

ఇంట్లో పనిచేసే ఆడవాళ్ల సంగతి దీనికంటే ఘోరం. వాళ్లకు రాసుకోవడానికి నోట్‌బుక్ కూడా ఉండదు. చట్టంలో 1994లో చేర్చిన పట్టికలో సంపాదన లేనివాళ్లకు ఏడాదికి 15,000 ఆదాయమని, సంపాదించే భర్త ఉన్న ఇల్లాలికి ఆయన ఆదాయంలో మూడో వంతని రాశారు. పొద్దున లేచి రాత్రి పడుకునేదాకా చేసే పనికి భర్త జీతాన్ని బట్టి విలువ కట్టడమేమిటి? భర్త ప్యూను అయితే ఆమె పని చవకా, మేనేజరు అయితే ఖరీదా? 1989లో జంషెడ్‌పూర్‌లో ఒక వేడుకలో మంటలు లేచి ఎంతోమంది చనిపోయిన కేసు రోడ్డు ప్రమాదం కాకపోయినా, 2001లో దాని తీర్పులో సుప్రీంకోర్టు గృహిణి సేవల విలువను నెలకు 3,000గా లెక్కించింది. 2010లో జస్టిస్ ఎ.కె. గంగూలీ, జనాభా లెక్కల్లో ఇల్లాళ్లను బిచ్చగాళ్లు, ఖైదీలతో కలిపి పని చేయనివాళ్ల కింద రాయడాన్ని గట్టిగా తప్పుపట్టారు. 2021 జనవరిలో మన జస్టిస్ ఎన్.వి. రమణ ఢిల్లీలో దంపతులిద్దరూ పోయిన కేసులో ఇంకో అడుగు వేశారు. ఆడవాళ్లు ఇంటిపనికి రోజుకు సగటున 299 నిమిషాలు, మగవాళ్లు 97 నిమిషాలు వెచ్చిస్తున్నారన్న 2019 కాలవినియోగ సర్వేని ఉటంకించి, గృహిణికి ఆదాయం లెక్కకట్టడం అంటే ఆమె శ్రమను గుర్తించడమేనని రాశారు. ఇవన్నీ మంచి తీర్పులు. కానీ గృహిణి పోతే "ఆమెకు సంపాదన లేదుగా, కేసు వేస్తే ఏమొస్తుంది" అని ఇంట్లోవాళ్లే అసలు అర్జీ వేయని సందర్భాలు నేను చూశాను. అన్నం వండి, పిల్లల్ని చదివించి, ముసలివాళ్లను చూసుకున్న మనిషి పోయినా ఆ ఇంటికి నష్టం లేదని ఆ ఇంటివాళ్లే నమ్ముతున్నారు.

ఇక గుద్దిన వాహనం ఏదో తెలియకపోతే కథ మొత్తం మారిపోతుంది. హిట్ అండ్ రన్ కింద చనిపోయినవాళ్ల కుటుంబానికి ఇచ్చేది రెండు లక్షలు, తీవ్రంగా గాయపడితే యాభై వేలు. అదీ 2022 ఏప్రిల్ 1 నుంచే. అంతకుముందు ప్రాణానికి పాతికవేలు. వాహనం దొరికితే, తప్పెవరిదో తేల్చనక్కర్లేకుండానే అదే మోటారు వాహనాల చట్టం 164వ సెక్షన్ కింద ఐదు లక్షలు అడగవచ్చు. తప్పు రుజువైతే పైన వేసిన లెక్క ప్రకారం ఎంతైనా రావచ్చు. అదే మనిషి, అదే రోడ్డు, అదే చావు. వెనకాల వస్తున్నవాడెవడైనా నంబరు ప్లేటు చూశాడా లేదా అన్నదాన్ని బట్టి ఒక ఇంటికి ముప్పై లక్షలు, ఇంకో ఇంటికి రెండు లక్షలు. సీసీ కెమెరాలు చూసి, టోల్‌గేటు రికార్డులు తీసి ఆ వాహనాన్ని పట్టుకోవాల్సింది పోలీసులు. వాళ్లు పట్టుకోలేకపోతే దాని నష్టం కుటుంబం భరించడం ఏం న్యాయం?

ఆ రెండు లక్షలైనా అందుతున్నాయా? 2022లో హిట్ అండ్ రన్ ప్రమాదాల్లో చనిపోయినవాళ్లు 30,486 మంది. 2022–23 ఆర్థిక సంవత్సరంలో ఈ పథకం కింద వచ్చిన దరఖాస్తులు 205. వాటిలో పరిష్కారమైనవి 95. ఈ దరఖాస్తుల అంకెలు 2024 జనవరిలో సుప్రీంకోర్టు తీర్పులో ఉన్నవే. ముప్పై వేల చావులకు రెండు వందల దరఖాస్తులు! మిగతా ఇళ్లవాళ్లు డబ్బు వద్దనుకున్నారా? అలాంటి పథకం ఒకటుందని వాళ్లకు తెలియదు, చెప్పినవాళ్లు లేరు. వాహనం ఆచూకీ దొరక్కపోతే పోలీసులే ఆ కుటుంబానికి పథకం గురించి రాతపూర్వకంగా తెలియజేయాలని, నెలలోపు అర్జీ రాకపోతే ఉచిత న్యాయసాయం చేసే న్యాయ సేవాధికార సంస్థ దృష్టికి తీసుకెళ్లి వేయించాలని ఆ తీర్పు ఆదేశించింది. మొత్తాలను ఏటా పెంచే విషయం కూడా చూడమని కేంద్రాన్ని అడిగింది. అడిగితేనే ఇస్తామనే పద్ధతిలో పెట్టిన పథకం ఎలా ఎండిపోతుందో ఈ అంకెల కంటే బాగా ఇంకేదీ చెప్పదు.

ఇంకో రెండు గుంటలున్నాయి, పల్లెల్లో ఎక్కువమంది పడేది వీటిలోనే. మొదటిది, సరుకుల వాహనం. కూలికి వెళ్లేవాళ్లు ట్రాక్టరు ట్రాలీలో, పెళ్లివాళ్లు లారీలో, ట్రాలీ ఆటోలో నిలబడి వెళ్లడం మనకు రోజూ కనిపించేదే. సరుకుల వాహనంలో ఊరికే ఎక్కిన ప్రయాణికులకు బీమా కంపెనీ బాధ్యత లేదని సుప్రీంకోర్టు 2002లోనే తేల్చింది. ఆ ట్రాక్టరు బోల్తా పడితే పరిహారం ట్రాక్టరు యజమాని నుంచి రాబట్టుకోవాలి. ఆయన చిన్న రైతు. తీర్పు ఉంటుంది, డబ్బు ఉండదు. బస్సు రాని ఊరి కూలీలు ఎందులో వెళ్లాలో చెప్పకుండా, ఎక్కింది మీ తప్పు అనడం నాకు సరిగా అనిపించదు. మరీ ముఖ్యంగా వ్యవసాయ కూలీలను తీసుకెళ్లే వాహనాలకు, కాస్త ప్రీమియం ఎక్కువైనా, వాళ్లకూ వర్తించే బీమాని తప్పనిసరి చేయాలి. రెండోది, అసలు బీమా లేని బండ్లు. రోడ్ల మీద తిరిగే వాహనాల్లో దాదాపు సగం ఇలాంటివే, అందులో ఎక్కువ బైకులు. బీమా లేని వాహనం ప్రమాదం చేస్తే యజమాని తగిన హామీ పెట్టేదాకా వదలకూడదని 2018లో సుప్రీంకోర్టు అంది. అయినా పాత బైకు వేలం వేస్తే ఎంతొస్తుంది?

అన్నట్టు, తన బండి మీద తానే అదుపు తప్పి పడి పోయినవాళ్ల ఇంటివాళ్లు కూడా పాలసీ కాగితం తీసి చూడాలి. యజమానే నడుపుతూ చనిపోతే 15 లక్షలిచ్చే వ్యక్తిగత ప్రమాద బీమా 2018 నుంచి ఉంది. పాలసీతో పాటే కట్టించుకుంటారు కాబట్టి చాలామందికి అది తమకుందని కూడా తెలియదు.

నేను అడుగుతున్నది గాలిలో మేడలు కట్టమని కాదు. ఇది చట్టంలో ఇప్పటికే రాసి ఉంది. 2022 ఏప్రిల్ నుంచి అమల్లోకి వచ్చిన నియమాల ప్రకారం ప్రమాదం జరిగిన 48 గంటల్లో దర్యాప్తు అధికారి మొదటి ప్రమాద నివేదికను ట్రిబ్యునల్‌కి, బీమా కంపెనీకి పంపాలి. బాధితుల హక్కులేంటో చెప్పే ఫారం పది రోజుల్లో కుటుంబానికి ఇవ్వాలి. 90 రోజుల్లో వివరమైన నివేదిక ట్రిబ్యునల్‌కి చేరాలి. ఆ నివేదికనే పరిహారం అర్జీగా తీసుకోవాలని 166వ సెక్షన్ చెబుతోంది. 2022 డిసెంబరులో సుప్రీంకోర్టు వీటిని దేశమంతా ఖచ్చితంగా పాటించాలని ఆదేశించింది. ఇవన్నీ కాగితం మీద ఉన్నట్టే జరిగితే ఆ కుటుంబం ఏ ఏజెంటునీ కలవాల్సిన పని లేదు, ఏ చెట్టు కిందా సంతకం పెట్టాల్సిన పని లేదు. మరి మీకు తెలిసిన ఇళ్లలో ఇటీవల ఇలాంటిది జరిగి ఉంటే, ఆ పది రోజుల ఫారం వాళ్లకు ఎవరైనా ఇచ్చారేమో అడిగి చూడండి. నేను అడిగిన ఇళ్లలో ఆ ఫారం పేరు విన్నవాళ్లే లేరు.

పైగా ఆ చట్టానికి 2019లో చేసిన సవరణతో కుటుంబం మీద ఇంకో భారం పడింది. అర్జీ వేయడానికి గడువేమీ ఉండకూడదని 1994లో తీసేశారు. ఇప్పుడు మళ్లీ ఆరు నెలలు అని పెట్టారు. దీన్ని సవాలు చేస్తూ సుప్రీంకోర్టులో పిటిషన్లు పడ్డాయి. పోలీసుల నివేదికే అర్జీ అయ్యేటట్టు ఉంటే గడువుతో కుటుంబానికి పనేముంది? పోలీసులు ఆలస్యం చేస్తే వాళ్లకేమీ కాదు, భర్త పోయి మంచం పట్టిన మనిషి ఆలస్యం చేస్తే హక్కు పోయే ప్రమాదం. ఇది తలకిందుల వ్యవహారం.

దానంతటదే డబ్బు వస్తుందంటే దొంగ క్లెయిములు పెరుగుతాయని కంపెనీల వాళ్లు అంటారు. ఆ మాట కొట్టిపారేయలేం. వేరే చోట పోయిన మనిషిని రోడ్డు ప్రమాదం కింద చూపించడం, బీమా ఉన్న బండిని తెచ్చి ఇరికించడం నిజంగా జరుగుతున్నాయి. ఉత్తరప్రదేశ్‌లో అలహాబాద్ హైకోర్టు 2015లో వీటి మీద ప్రత్యేక దర్యాప్తు బృందాన్నే వేయించింది. కానీ దొంగ క్లెయిము ఎక్కడ పుడుతుంది? నివేదిక నెలల తరబడి ఆలస్యమై, మధ్యలో దళారులకు టైము దొరికినప్పుడు. 48 గంటల్లో స్థలం ఫొటోలతో, వాహనం వివరాలతో నివేదిక వెళ్లిపోతే తర్వాత బండిని మార్చడం కష్టం. నిజమైన కుటుంబానికి మేలు చేసేదే దొంగను కూడా ఆపుతుంది.

ఇంకో అడ్డం ఇంట్లోనే ఉంటుంది. శవం మీద డబ్బులేంటి, ప్రాణానికి రేటు కడతారా అనే మాట. మా చెల్లి అత్తగారే మొదట్లో నా కొడుకును అమ్ముకోను అంది. ఆమె బాధ నాకు అర్థమైంది. కానీ ఆ డబ్బు ప్రాణానికి వెల కాదు. ఆయన బతికుంటే నెలనెలా ఆ ఇంటికి తెచ్చే బియ్యం, పిల్లల ఫీజు, ఆ తల్లి మందులు. అవి ఆగిపోయాయి కాబట్టి, ఆపినవాళ్లు కట్టాలి. ఆ మాట ఆమెతో మెల్లగా చెబితే, కొంతసేపు మాట్లాడలేదు. తర్వాత పిల్ల పేరు మీద వేస్తారా అని అడిగింది.

వేస్తారు. మైనరు పిల్లల వాటాను బ్యాంకులో డిపాజిట్ చేసి మేజరు అయ్యాక తీసుకునేలా ఆదేశించడం ట్రిబ్యునళ్లలో మామూలే. చదువు రాని వితంతువుల డబ్బు చుట్టూ బంధువులు, దళారులు చేరతారని కోర్టులకు ఎప్పటి నుంచో తెలుసు. తొంభైల్లోనే సుప్రీంకోర్టు దీనికి మార్గదర్శకాలు ఇచ్చింది. ఎవరి వాటా ఎంతో తీర్పులోనే రాస్తారు, కోడలి వాటా అత్తింటివాళ్ల చేతికి ఇవ్వరు. ఆమె మళ్లీ పెళ్లి చేసుకున్నా ఆ హక్కు పోదని కోర్టులు చెప్పాయి. అయినా తీర్పు వచ్చాక కూడా డబ్బు చేరని ఇళ్లున్నాయి. కంపెనీ కోర్టులో డిపాజిట్ చేసింది, ఆ సంగతి కుటుంబానికి తెలియలేదు, డబ్బు అక్కడే ఉండిపోయింది. ఇలా ట్రిబ్యునళ్లలో ఎవరూ తీసుకోకుండా పడి ఉన్న సొమ్ము ఎంత ఎక్కువైందంటే సుప్రీంకోర్టు తనంతట తానే కేసు చేపట్టి, అర్జీతోనే బ్యాంకు ఖాతా వివరాలు తీసుకుని నేరుగా అందులో వేసే ఏర్పాటు చేయాలని 2025 ఏప్రిల్‌లో ఆదేశాలిచ్చింది.

ఇది చదువుతున్నవాళ్లలో ఎవరింట్లోనైనా ఇప్పుడే ఇలాంటిది జరిగి ఉంటే, ఎఫ్ఐఆర్, శవ పంచనామా, పోస్ట్‌మార్టం రిపోర్టు, ఎంవీఐ (మోటారు వాహనాల ఇన్‌స్పెక్టరు) రిపోర్టు, ఛార్జిషీటు కాపీలు అడిగి తీసుకోండి. పోయిన మనిషి డ్రైవింగ్ లైసెన్సు, ఆధార్, బ్యాంకు పాస్‌బుక్, ఫోన్‌పే జమలు, కూలి రాసుకున్న చీటీ, ఏదీ పారేయకండి. ఒకే బైకు మీద ముగ్గురు వెళ్తున్నారని, అందుకే పరిహారం కోసేస్తామని అంటే, ఆ ఒక్క కారణం చాలదని 2020లో సుప్రీంకోర్టు చెప్పిన సంగతి మీ లాయరుకు గుర్తుచేయండి. అర్జీ ప్రమాదం జరిగిన చోటే వేయక్కర్లేదు, మీరు ఉండే చోట కూడా వేయవచ్చు. ఆరు నెలల్లోపు వేయడం మేలు, దాటిపోయినా వదిలేయకండి. ఆడవాళ్లకు, పిల్లలకు, ఎస్సీ ఎస్టీలకు ఆదాయంతో సంబంధం లేకుండా ఉచితంగా లాయరును పెట్టే హక్కు 1987 నాటి చట్టం ఇచ్చింది. జిల్లా కోర్టు ఆవరణలోనే న్యాయ సేవాధికార సంస్థ ఆఫీసు ఉంటుంది. వెళ్లేది భర్త పోయిన ఆడమనిషైతే ఆమెతో పాటు ఇంకొకరు వెళ్లండి. తెల్లకాగితం మీద మాత్రం ఎవరు అడిగినా సంతకం పెట్టనివ్వకండి.